ఎలీసబెతు కలిపిన టైమింగ్

పోర్ట్ బ్లెయిర్ షాదీపూర్‌లో ఒక తరం పిల్లలంతా ఎలీసబెతు కుట్టిన బట్టలు వేసుకునే బడికి వెళ్ళారు. తెల్ల చొక్కాలు, నీలం నిక్కర్లు, మడతల గౌన్లు. ముప్పై ఎనిమిదేళ్ళ పాటు బళ్ళు తెరిచే రోజులు వచ్చాయంటే ఆమె ముందుగదిలో మనిషి కూర్చోవడానికి చోటుండేది కాదు. అదే ఇంటి వెనక రేకుల షెడ్డులో ఆమె భర్త జీవరాజు అన్నేళ్ళూ పెట్రోలు కార్లు బాగుచేశాడు. ముందు మిషను చప్పుడు, వెనక ఇంజన్ల చప్పుడు, మధ్యలో ఒక తలుపు. ఆ తలుపు విషయంలో పెళ్ళయిన కొత్తలోనే ఎలీసబెతు గట్టిగా చెప్పేసింది, గ్రీజు చేతులతో ఇటు రాకూడదని. తెల్లగుడ్డ మీద వేలంత మరక పడినా ఆ గుడ్డ ఇక దేనికీ పనికిరాదు కదా. జీవరాజు ఆ మాట ఏనాడూ మీరలేదు. ఆమె కూడా అటు అడుగు పెట్టేది కాదు. టీ గ్లాసు గుమ్మం మీద పెట్టి, "ఇదిగోండి" అని ఒక కేక వేసి వెనక్కి వచ్చేసేది.

ఎలీసబెతు తండ్రి సముద్రం అవతలి భావనపాడు వైపు నుంచి కూలిపనికి ఓడెక్కి వచ్చినవాడు. ఆమె పుట్టింది, పెరిగింది అంతా పోర్ట్ బ్లెయిర్‌లోనే. బడిలో చదువు హిందీలో సాగింది. తెలుగు అక్షరాలు మాత్రం బైబిలు చదువుతూ, చర్చిలో పాటల పుస్తకం చూస్తూ నేర్చుకుంది. అందుకే ఆమె చదివే తెలుగు ఒక రకంగా, మాట్లాడే తెలుగు ఇంకో రకంగా ఉండేది. పల్చటి మనిషి, చకచకా నడిచే మనిషి. మాట కన్నా చెయ్యి ముందు కదిలేది.

జీవరాజు మాత్రం మాటల మనిషి. ఇంజను కింద పడుకుని కూడా కబుర్లు చెప్పేవాడు. పాత కార్లకి టైమింగ్ కలపడంలో అతనికి పెద్ద పేరు. సిలిండరులో పెట్రోలు ఆవిరి బాగా నొక్కుకుపోయిన సరైన క్షణంలో ప్లగ్గు దగ్గర నిప్పురవ్వ పడాలి. కాస్త ముందు పడితే ఇంజను కొట్టుకుంటుంది, కాస్త వెనక పడితే బండి ఈడ్చుకుంటూ నడిచి వేడెక్కిపోతుంది. ఆ క్షణాన్ని పట్టుకోవడమే టైమింగ్ కలపడం. అంబాసిడర్లు, ఫియట్లు నడిపే డ్రైవర్లు ఎక్కడెక్కడి నుంచో అతన్ని వెతుక్కుంటూ వచ్చేవారు.

అలాంటి మనిషికి కళ్ళకి నీటికాసుల జబ్బు పట్టుకుని చూపు పోయింది. ముందు పక్కలు కనబడడం మానేశాయి, తర్వాత ఎదురుగా ఉన్నవీ మసకబారాయి. డాక్టర్లు చుక్కల మందు వేశారు, ఆపరేషన్ చేశారు. చివరికి వెలుతురు వచ్చిందో పోయిందో తెలిసేపాటి చూపు మిగిలింది. అరవై ఏడో ఏట షెడ్డుకి తాళం వేసి, తాళంచెవి భార్య చేతిలో పెట్టి వరండాలో కుర్చీలో కూర్చున్నాడు. చూపుతో పాటు మాట కూడా పోయిందా అన్నట్టు అయిపోయాడు. అన్నం కావాలా అంటే "ఊఁ", కూర వెయ్యనా అంటే "చాలు". రంగత్‌లో టీచరుగా పనిచేస్తున్న కూతురు ఎలీనా రోజూ ఫోన్ చేసేది. ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని విని, "అమ్మకిస్తాను" అనేవాడు. ఈలోగా రెడీమేడ్ యూనిఫారాలు వచ్చి ఎలీసబెతు పని కూడా పల్చబడింది. జిప్పులు మార్చడం, అంచులు మడవడం, అంతే. ఇంట్లో రెండు చప్పుళ్ళూ తగ్గిపోయిన ఆ రెండేళ్ళూ ఎలీసబెతుకి చాలా పొడుగ్గా గడిచాయి.

ఒక జూలై నెల ఉదయం, రాత్రంతా కురిసిన వాన తెరిపిచ్చాక, ఇంటి ముందు ఒక పికప్ బండి ఆగింది. దాని వెనక తాడు కట్టిన తెల్ల అంబాసిడర్. స్టీరింగు దగ్గర చౌల్దారీ ఊరి కాళమ్మ.

కాళమ్మని ఆ చుట్టుపక్కల తెలియనివాళ్ళు లేరు. యాభై ఏళ్ళ మనిషి. భర్త మల్లేశు టాక్సీగా నడిపి వదిలేసిన కారుని ఆమె తీసుకుని, వెనక సీటు పీకించేసి, ఆ చోటు నిండా కాకరకాయలు, బొబ్బర్లు, తోటకూర కట్టలు వేసుకుని రోజూ మార్కెట్‌కి నడుపుకుంటూ వచ్చేది. నలభై రెండో ఏట లైసెన్సు తీసుకుంది. ఆ సంగతి ఎవరికైనా రెండు నిమిషాల్లో చెప్పేసేది.

"జీవరాజు భయ్యా ఉన్నాడా దీదీ?" అంటూ దిగింది. తాడు విప్పుతున్న పికప్ బాబ్జీ వైపు తిరిగి, "నువ్వు ఎల్లిపో బాబ్జీ, శుక్రియా" అంది.

"ఉన్నారు గానీ, పని మానేసి రెండేళ్ళయింది కదే కాళమ్మా," అంది ఎలీసబెతు.

"తెల్సు దీదీ. సెయ్యి పెట్టొద్దు. దీని గోల ఒక్కసారి వింటే సాలు."

ఆమె జవాబు కోసం ఆగకుండా మళ్ళీ కారులో కూర్చుని తాళం తిప్పింది. ఇంజను గిరగిరా తిరిగింది, ఒకసారి తుమ్మినట్టయింది, ఆ వెంటనే ముందునుంచి 'ఫటేల్' మని ఒక పేలుడు. కొబ్బరిచెట్టు మీద కాకులన్నీ ఒక్కసారిగా లేచిపోయాయి. ఎలీసబెతు చేతిలో బియ్యం చేట జారిపోయింది. పక్కింటి కిటికీలో ఎవరో "క్యా హువా?" అని అరిచారు.

వరండాలో జీవరాజు నవ్వాడు.

మూతి బిగించి నవ్వడం కాదు, భుజాలు ఊగిపోయేలా నవ్వాడు. కళ్ళజోడు తీసి కళ్ళు తుడుచుకుని, "ఎవడమ్మా అది? దీనికి కాళ్ళ కాడ తలకాయ పెట్టినోడు ఎవడు?" అన్నాడు.

ఎలీసబెతు చెదిరిన బియ్యం మధ్య అలాగే నిలబడిపోయింది. ఆ నవ్వు విని ఎన్నాళ్ళయిందో లెక్కకి అందలేదు.

కాళమ్మ కథంతా చెప్పింది. బండి పికప్ తగ్గిందని గారాచర్మలో వర్క్‌షాపు పెట్టుకున్న మణికుమార్ దగ్గరికి తీసుకెళ్ళింది. అతను ప్లగ్గులకి నిప్పు పంచే డిస్ట్రిబ్యూటర్ ఊడదీసి, అందులో అరిగిన పాయింట్లు మార్చి, మళ్ళీ బిగించాడు. అప్పటి నుంచీ ఇదే గోల. నాలుగు రోజులుగా కాయలు బస్సులో మోస్తోంది.

"మణికుమార్ మంచోడే భయ్యా. కొత్త కార్లయితే కంప్యూటర్ పెట్టి అయిదు మినిట్లలో చెప్పేస్తాడు. దీనికి కంప్యూటర్ గుచ్చడానికి కన్నమే లేదని ఒకటే బాధ. రెండ్రోజులు సరిగా తిండి కూడా తినలేదు."

"నిప్పు తప్పుడు ఇంట్లో పడతంది," అన్నాడు జీవరాజు. "గంట పని. అతన్ని రమ్మను, పక్కన కూకుని నేను చెప్తాను."

కాళమ్మ ఫోన్ చేసింది. మణికుమార్ ఏదో బోటు ఇంజను పని మీద పొద్దున్నే హేవ్‌లాక్ దీవికి ఓడెక్కాడట, వచ్చేసరికి మూడు రోజులు. కాళమ్మ నుదురు కొట్టుకుంది.

జీవరాజు కళ్ళజోడు మళ్ళీ పెట్టుకున్నాడు. "అయితే ఏటి సేస్తాం. చేసే చెయ్యి లేదు," అని కుర్చీలో వెనక్కి వాలాడు.

ఆ వాలడం ఎలీసబెతు చూసింది. ఇప్పుడే బయటికి వచ్చిన మనిషి మళ్ళీ లోపలికి వెళ్ళి తలుపు వేసుకుంటున్నట్టు కనిపించింది. ఆమె చెయ్యి ఎప్పటిలాగే మాట కన్నా ముందు కదిలింది, చెంగు నడుముకి బిగించేసింది.

"నా చేతులు పనికిరావా?" అంది.

"నీ చేతులా? గ్రీజే బాబూ," అన్నాడు జీవరాజు.

"ఇంట్లో సబ్బుంది," అంది ఎలీసబెతు, షెడ్డు తాళంచెవి వెతకడానికి లోపలికి వెళ్తూ.

రెండేళ్ళు మూసి ఉన్న షెడ్డులో తేమ వాసన, పాత ఆయిలు వాసన కలిసి ఉన్నాయి. కాళమ్మ, ఎలీసబెతు కలిసి కారుని లోపలికి తోశారు. జీవరాజు గోడ పట్టుకుంటూ వచ్చి బంపరు మీద చెయ్యి వేసి నిలబడ్డాడు. అక్కడి నుంచి కదలకుండానే సామానంతా తెప్పించాడు. "ఎడం గోడ, రెండో అర, మూలన డాల్డా డబ్బా. అందులో ప్లగ్గు పానా ఉంటాది. దాని కింద రేకు డబ్బాలో బల్బుకి రెండు వైర్లు కట్టి ఉంటాయి, అదీ తే." ఏది ఎక్కడుందని చెప్పాడో అది అక్కడే ఉంది. ఎలీసబెతుకి ఆశ్చర్యమేసింది. ఇంట్లో తన బనియన్లు ఏ బీరువాలో ఉంటాయో ఇప్పటికీ తెలియని మనిషి.

నాలుగు ప్లగ్గులూ ఆమే విప్పింది. మొదటిది ఊడిరావడానికి పావుగంట పట్టింది, నాలుగోది నిమిషంలో వచ్చేసింది. తర్వాత జీవరాజు ఇంజను ముందు కింద ఉన్న పుల్లీ సంగతి చెప్పాడు. దాని అంచు మీద ఒక చిన్న గాటు ఉంటుంది. ఎదురుగా కవరు మీద ముక్కులాగా ఒక మొన ఉంటుంది. గాటు వచ్చి ఆ మొనకి ఎదురుగా నిలవాలి.

ఎలీసబెతు వంగి చూసింది. అంతా నల్లగా ఉంది. గుడ్డతో తుడిచినా గాటు కనబడలేదు. వేలుగోరుతో అంచు వెంట తడుముకుంటూ వెళ్తే ఒక చోట తగిలింది. లేచి ముందుగదిలోకి వెళ్ళి, బట్టల మీద గీతలు గీసే తెల్ల చాక్ తెచ్చి ఆ గాటులో రుద్దింది. గాటు తెల్లగా మెరిసింది.

"ఏటి సేస్తన్నావు?" అన్నాడు జీవరాజు.

"మీ గాటుకి చాక్ పెట్టాను."

"సెభాష్," అన్నాడు అతను.

కాళమ్మ ముందు నుంచి ఇంజను తిప్పే ఇనుప హ్యాండిల్ దూర్చి మెల్లగా తిప్పడం మొదలుపెట్టింది. ప్లగ్గులు లేవు కాబట్టి తేలిగ్గానే తిరిగింది. తెల్ల గీత పైకి వచ్చి మొన ఎదురుగా నిలబడగానే ఎలీసబెతు "వచ్చింది, ఆపు!" అని అరిచింది.

"వచ్చింది సరే. ఏ రావడం?" అన్నాడు జీవరాజు. "ఆ గీత రెండుసార్లు వస్తాది. ఒకసారి పెట్రోలు ఆవిరి నొక్కుకున్నప్పుడు, ఇంకోసారి కాలిపోయిన పొగ బయటికి పోయేటప్పుడు. రెండూ చూడ్డానికి ఒకేలాగుంటాయి. మణికుమార్ రెండో దాని దగ్గర కలిపేసుంటాడు. కళ్ళున్నోడే మోసపోయేది ఇక్కడే."

"మరి తెలిసేదెలాగ?"

అతను తడుముకుంటూ వచ్చి ఆమె కుడిచెయ్యి పట్టుకున్నాడు. రేడియేటర్ పక్కనున్న మొదటి ప్లగ్గు కన్నం వెతికి, ఆమె బొటనవేలు దాని మీద పెట్టి, పైన తన అరచెయ్యి ఆనించాడు. "గట్టిగా మూసి పట్టు. కాళమ్మా, తిప్పు."

హ్యాండిల్ తిరిగింది. ఏమీ కాలేదు. ఇంకా తిరిగింది. ఉన్నట్టుండి లోపల నుంచి గాలి ఎదురుతిరిగి వేలుని పైకి నెట్టింది. పట్టి ఉంచుదామన్నా ఆగకుండా 'ఫుస్' మని పక్కనుంచి తన్నుకొచ్చింది. ఎలీసబెతు చిన్నపిల్లలాగా కెవ్వుమంది.

"అదీ!" అన్నాడు జీవరాజు, తనకే తగిలినంత సంబరంగా. "ఇప్పుడు వచ్చే గీత అసలు గీత."

గీత మొన ఎదురుగా నిలిచింది. ఎలీసబెతు వేలు చూసుకుంటూ ఒక క్షణం ఆలోచించింది. "ఏమండీ, ఇది మా షటిల్ లాంటిదే కదా," అంది.

"ఏ షటిలు?"

"కుట్టుమిషనులో. సూది అడుగుదాకా దిగి ఇంత పైకి లేచినప్పుడు దారం కాస్త వదులై చిన్న ముడత పడుద్ది. సరిగ్గా అప్పుడే షటిల్ ముక్కు వచ్చి ఆ దారాన్ని అందుకోవాలి. ముందొచ్చినా వెనకొచ్చినా కుట్టు తప్పిపోద్ది. నేనే విప్పి కలుపుకుంటాను ఎప్పుడూ."

జీవరాజు ఆమె వైపు మొహం తిప్పాడు. "మిషనుకి కూడా టైమింగ్ ఉంటాదా?"

"లేకపోతే ఇన్ని వేల చొక్కాలు ఎలాగ కుట్టాననుకున్నారు?"

"నలభై ఏళ్ళు ఒక్కింట్లో ఉండి నాకు చెప్పలేదేటి?"

"మీరడిగారేటి?"

హ్యాండిల్ పట్టుకుని నిలబడ్డ కాళమ్మ నవ్వు ఆపుకోలేక రేడియేటర్ మీదకి వాలిపోయింది.

అక్కడి నుంచి పని చురుగ్గా నడిచింది. ఇక అడుగడుక్కీ కారణం చెప్పనక్కర లేకపోయింది. డిస్ట్రిబ్యూటర్ మూత తీసి చూస్తే, లోపల తిరిగే రోటర్ నాలుగో సిలిండర్ తీగ వైపు చూస్తోంది. చూడాల్సింది ఒకటో తీగ వైపు. కాళ్ళ దగ్గర తలకాయ అంటే అదీ. తీగలు నాలుగూ పీకి వరసగా మళ్ళీ పెట్టాలి. రోటర్ తిరిగే వైపుగా ఒకటి, మూడు, నాలుగు, రెండు. కలిసిపోతాయని ఎలీసబెతు ఒక్కో తీగకి ఒక్కో రంగు దారం ముడి వేసింది. ఒకటికి ఎరుపు, మూడుకి పసుపు, నాలుగుకి ఆకుపచ్చ, రెండుకి నీలం. జీవరాజు రెండుసార్లు రంగులు చెప్పించుకుని గుర్తుపెట్టుకున్నాడు.

చివరగా బల్బు. ఒక వైరు డిస్ట్రిబ్యూటర్ పక్కనున్న బోల్టుకి, ఇంకొకటి బండి ఇనుముకి తగిలించి, కరెంటు వచ్చేలా కారు తాళం తిప్పి ఉంచారు. డిస్ట్రిబ్యూటర్ లోపల తెరుచుకుంటూ మూసుకుంటూ ఉండే పాయింట్లు మూసి ఉన్నంతసేపూ బల్బు వెలగదు. అవి విడిపోయిన క్షణానే వెలుగుతుంది. నిప్పు పడేదీ ఆ క్షణానే.

"బిగింపు వదులు చెయ్యి. డిస్ట్రిబ్యూటర్‌ని రెండు చేతులా పట్టుకో. రోటర్ తిరిగే వైపుకి ఎదురు తిప్పు. గబాల్న కాదు. దారం సూదిలోకి ఎక్కించేటప్పుడు ఎలాగుంటావు, అలాగ."

ఎలీసబెతు తిప్పడం మొదలుపెట్టింది. చేతుల కింద డిస్ట్రిబ్యూటర్ కొంచెం, ఇంకొంచెం కదిలింది. బల్బు వెలిగింది.

"వెలిగింది!"

"కదపకు. బిగించు."

బిగిస్తుంటే పానాతో పాటు డిస్ట్రిబ్యూటర్ కూడా కదిలి బల్బు ఆరిపోయింది. మళ్ళీ వదులు చేసి, మళ్ళీ మొదలుపెట్టింది. ఈసారి బిగింపు సగంలో ఉండగా చెమట కంట్లో పడి పానా జారింది. మూడోసారి మోచెయ్యి ఇంజనుకి ఆనించి, పెదవి పళ్ళ కింద నొక్కి, బోల్టు బిగించేసింది. జీవరాజు ఏమీ తొందరపెట్టలేదు. తలవంచి, బల్బు తనకీ కనిపిస్తున్నట్టుగా ఆ వైపే మొహం పెట్టుకుని ఉన్నాడు.

ప్లగ్గులు, తీగలు, మూత అన్నీ తిరిగి పెట్టాక కాళమ్మ దేవుణ్ణి తలుచుకుని తాళం తిప్పింది. ఇంజను రెండు చుట్లు తిరిగి అందుకుంది. పేలుడు లేదు, తుమ్ము లేదు. రేకుల షెడ్డు నిండా ఒకే తీరుగా చప్పుడు. ఎలీసబెతు నల్లటి చేతులతోనే చెంపలు పట్టుకుంది. కాళమ్మ కారులోంచి దూకి వచ్చి ఆమెని ఎత్తి తిప్పినంత పని చేసింది.

"సంబరం అప్పుడే కాదు," అన్నాడు జీవరాజు, గొంతులో సంబరం దాచుకోలేక. "ఎత్తెక్కించి చూడాలి. పదండి."

అతను ముందు సీటులో కూర్చున్నాడు. వెనక సీటు లేదు కాబట్టి ఎలీసబెతు బోర్లించిన కూరల బుట్ట మీద కూర్చుని ముందు సీటు పట్టుకుంది. చౌల్దారీ దారి పట్టారు. తడిసిన రోడ్డు, రెండు పక్కలా పోకచెట్లు, మబ్బుల మధ్య నుంచి అప్పుడప్పుడూ ఎండ. చదునులో కారు చక్కగా పరిగెత్తింది. ఎత్తు మొదలై కాళమ్మ గట్టిగా తొక్కగానే ఎలీసబెతుకి ఏదో వినబడింది.

"డబ్బాలో గులకరాళ్ళు ఊపినట్టు, వినండి."

జీవరాజు చెవి అటు పెట్టాడు. "నాకేం వినబడ్డం లేదే."

"ఉంది. సన్నగా. కాళమ్మ కాలు తీసేస్తే ఆగుతోంది, తొక్కితే వస్తోంది."

కాళమ్మ రెండుసార్లు తొక్కి చూపించింది. జీవరాజు రెండోసారి కూడా తల అడ్డంగా ఊపాడు. ఎన్నో ఏళ్ళు ఇనుము మీద సుత్తి దెబ్బలు విన్న చెవులవి. "అయితే అది నిజమే అయ్యుంటాది," అన్నాడు. "నిప్పు రవ్వంత ముందు పడతంది. నీ చెవి నాకన్నా మంచిది ఎలీసా. ఆపమ్మా కాళమ్మా, ఇక్కడే సరిచేద్దాం."

బానెట్ ఎత్తేసరికి చినుకులు మొదలయ్యాయి. కాళమ్మ ఉన్న ఒక్క గొడుగూ మనుషులకి పట్టకుండా డిస్ట్రిబ్యూటర్‌కి పట్టింది. ఎలీసబెతు బిగింపు వదులు చేసి, ఈసారి రోటర్ తిరిగే వైపే వెంట్రుకవాసి తిప్పి బిగించింది. ఎంత తిప్పాలో భర్తని అడగలేదు. మళ్ళీ కారెక్కి కిందికి వెళ్ళి, తిరిగి ఎత్తు పట్టుకున్నారు. గులకరాళ్ళు లేవు. కాళమ్మ మూడో గేరులోనే, గేరు దించకుండా, పైదాకా ఎక్కించేసి హారన్ మోగించుకుంటూ పోయింది. "దేఖో దీదీ! మల్లేశు నడిపినప్పుడు కూడా ఇలాగ ఎక్కలేదు!" ఎదురొచ్చిన బస్సు డ్రైవరు ఏమనుకున్నాడో, అతనూ ఒకసారి హారన్ కొట్టాడు.

మధ్యాహ్నం చౌల్దారీలో కాళమ్మ ఇంట్లోనే భోజనం. మల్లేశు సూరచేప పులుసు పెట్టించాడు. అన్నం తింటున్నంతసేపూ జీవరాజు మాట్లాడుతూనే ఉన్నాడు. ఏ కారు ఏ ఎత్తులో ఆగిపోయిందో, ఏ డ్రైవరు పాయింట్లకి ఏ గుడ్డముక్క అడ్డం పెట్టి నడిపాడో, అంతా చెప్పాడు. ఎలీసబెతు అతనికి రెండోసారి పులుసు వేసింది. "చాలు" అనలేదు. ఆమె గోళ్ళ చుట్టూ ఉన్న నలుపు కాళమ్మ ఇచ్చిన సబ్బుకి పోలేదు. చూసుకుని పట్టించుకోవడం మానేసింది.

నాలుగో రోజు మణికుమార్ వచ్చాడు. ముప్పై రెండేళ్ళ మనిషి, సొంత వర్క్‌షాపు, మంచి పేరు. గేటు దగ్గర చెప్పులు వదిలి, తలవంచుకుని నిలబడ్డాడు.

"ఆంటీ, కాళమ్మ దీదీ చెప్పింది. మీరే కలిపారట. నేను ఆ మార్కు చూసే పెట్టాను. గలతీ ఎక్కడైందో సమఝ్ కాలేదు."

"రా, లోపలికి రా," అంది ఎలీసబెతు. "గీత రెండుసార్లు వస్తాది. బొటనవేలు పెట్టి చూసుకోవాలి."

"ఎవరి బొటనవేలు?"

"ఎవరిదైనా పర్లేదు," అని వరండాలోంచి జీవరాజు అరిచాడు. "ఇంజనుకి ముఖం గుర్తుండదు."

మణికుమార్ ఫక్కున నవ్వాడు. ఆ పూట అతను వెళ్ళేసరికి మూడుసార్లు టీ అయింది. జీవరాజు చెబుతుంటే అతను ఫోనులో బొమ్మలు గీసుకున్నాడు. మర్నాడు తన దగ్గర ఏడాదిగా కదలకుండా ఉన్న ఒక ఫియట్‌ని వాళ్ళ షెడ్డుకే తోలించాడు.

అలా మొదలైంది. శనివారాలు షెడ్డు తెరిచేవారు. గోపినాథ్ అనే రిటైరైన ఓడ ఇంజనీరు తన తండ్రి కొన్న ఫియట్ తెచ్చాడు. ఎవరో జంగ్లీఘాట్ నుంచి జీపు తెచ్చారు. జీవరాజు కుర్చీ బంపరు పక్కనే వేసుకుని కూర్చుని చెప్పేవాడు, ఎలీసబెతు చేసేది, బరువు పనులు మణికుమార్ అందుకునేవాడు. ఎప్పుడూ సరిగ్గా కుదిరేదని కాదు. గోపినాథ్ కారుకి రెండు తీగలు అటూ ఇటూ అయి, ఇంజను దగ్గుతూ ఊగిపోతే, ఎలీసబెతు పానా పక్కన పడేసి వెళ్ళి గుమ్మంలో కూర్చుంది. జీవరాజే ఆ చప్పుడు విని, "మూడూ రెండూ ఇళ్ళు మార్చుకున్నాయి," అని పట్టుకున్నాడు. చెవులకి సన్న చప్పుళ్ళు వినబడకపోయినా పెద్ద తప్పులు మాత్రం ఇట్టే దొరికేవి. ఆదివారం చర్చిలో పాట అయ్యాక ఆడవాళ్ళు ఎలీసబెతు గోళ్ళు చూసి గుసగుసలు పోయారు. వెరోనికా అని ఒకావిడ, "ఈ వయసులో ఇదేం పని అక్కా?" అని అడిగేసింది కూడా. తర్వాతి శనివారం ఆవిడే తన కొడుకు స్కూటర్ తోయించుకుని వచ్చింది.

ఫిబ్రవరిలో ఎలీనా ఫోన్ చేసింది. రంగత్‌లో తమ పక్కింటి రాబర్ట్ దగ్గర పాత పెట్రోలు జీపు ఉందని, ఎవరూ సరిచెయ్యలేకపోయారని, అమ్మ వస్తుందా అని అడిగింది. అడిగింది అమ్మనే. ఆ మాట విని జీవరాజు, "నన్నూ తీసుకెల్తావా ఎలీసా?" అన్నాడు. పనిముట్లు చీర మడతల మధ్య సర్దుకుని ఇద్దరూ బస్సెక్కారు.

ఆదివాసుల అడవి దాటేదాకా బస్సులన్నీ పోలీసు బండి వెనక కాన్వాయ్‌లో వరసగా నడిచాయి. ఖాడీ అనే సముద్రపు పాయ దగ్గర బస్సుతో సహా పెద్ద పడవ మీదకి ఎక్కారు. జీవరాజు కిటికీ పక్కన కూర్చుని దారిపొడుగునా అడుగుతూనే ఉన్నాడు, ఇప్పుడేం కనిపిస్తోందని. ఎలీసబెతు చెబుతూనే ఉంది. నీళ్ళు ఆకుపచ్చగా ఉన్నాయని, మడచెట్ల వేళ్ళు బయటికి వచ్చి ఉన్నాయని, పడవ మీద ఒకడు కొబ్బరిబొండాలు అమ్ముతున్నాడని. పడవ ఇంజను చప్పుడు వస్తుంటే ఇద్దరూ ఒకేసారి చెవులు అటు తిప్పారు. "డీజిల్. ప్లగ్గులుండవు, మనకి పని లేదు," అన్నాడు జీవరాజు.

రంగత్‌లో రాబర్ట్ ఇంటి ముందు జీపు చుట్టూ పదిహేను మంది దాకా పోగయ్యారు. టీచరుగారి అమ్మ మెకానిక్ అని ఎలీనా బడిలో చెప్పేసిందట. ఎలీసబెతు చెంగు దోపుకుని, ప్లగ్గు విప్పి, కన్నం మీద బొటనవేలు పెట్టి, "తిప్పు బాబూ" అంది. గాలి తన్నగానే గీత చూసుకుంది, తీగలు చూసుకుంది, బల్బు పెట్టింది. జీవరాజు పక్కన స్టూలు మీద కూర్చుని, చుట్టూ ఉన్నవాళ్ళకి ఆమె ఏం చేస్తోందో, ఎందుకు చేస్తోందో వివరిస్తూ ఉన్నాడు. కుట్టుమిషనులో షటిల్ సంగతి కూడా చెప్పాడు, అదంతా తనకి ఎప్పటినుంచో తెలిసినట్టుగా. ఎలీసబెతు తల ఎత్తి ఒకసారి చూసి, మళ్ళీ వంగి బోల్టు బిగించింది.

జీపు అందుకోగానే జనం చప్పట్లు కొట్టారు. ఎలీనా తల్లిని చూస్తూ నిలబడిపోయింది. బడికి వెళ్ళే రోజుల్లో తన చొక్కా మీద చిన్న సిరా మరక పడితే ఇల్లు పీకి పందిరేసిన మనిషి, ఇప్పుడు మోచేతుల దాకా నల్లగా, నుదుటి మీద ఆయిలు గీతతో, నవ్వుతూ ఉంది. నాన్న గొంతు రోడ్డు చివరిదాకా వినబడుతోంది.

రెండు రోజులు ఉండి వచ్చేద్దామని బయలుదేరినవాళ్ళు అయిదు రోజులు ఉండిపోయారు. జీపు లేచిందని తెలిసి రాబర్ట్‌కి తెలిసినవాళ్ళు ఇంకో ఫియట్‌ని, ఆ తర్వాత ఒక అంబాసిడర్‌ని తోసుకుంటూ తెచ్చారు.